ఇంగ్లీషులో పోయిన సన్యాసినాయుడు

బతికున్న పెద్దమనిషిని ఒకాయన్ని నేను చంపేశాను. కత్తితో కాదు, ఇంగ్లీషుతో. పోలీసులు రాలేదు. వచ్చి ఉంటేనే బాగుండేది, ఆ రోజు నేను పడ్డ అవస్థ కంటే లాకప్పులో హాయిగా ఉండేవాణ్ణి. మీరు నవ్వుతారని తెలుసు, నవ్వండి. ఒక ఊరు ఊరంతటినీ నవ్వొద్దని శాసించినవాణ్ణి, మిమ్మల్ని ఆపే మొహం నాకెక్కడిది?

ఇది అరవైల నాటి మాట. అనకాపల్లిలో చెరకు రైతుల పనులు చూసే చిన్న ఆఫీసు ఒకటుండేది. అందులో నేను టెంపరరీ గుమాస్తాని. వయసు ఇరవై మూడు. బి.ఏ. పాసయ్యానన్న సంగతి రోడ్డు మీద నడిచేటప్పుడు కూడా జనానికి తెలియాలని ఇంగ్లీషు పేపరు చంకలో పెట్టుకు తిరిగేవాణ్ణి. చదివేది మాత్రం సగమే.

ఆఫ్రికాలో కొత్తగా స్వతంత్రం వచ్చిన ఒక దేశం నుంచి వ్యవసాయాధికారి వస్తున్నాడని ఢిల్లీ నుంచి కాగితం వచ్చింది. ఆ దేశం పేరు చెప్పను. వాళ్ళు చేసిన తప్పేమీ లేదు కదా, మధ్యలో వాళ్ళ పేరెందుకు? అక్కడ చెరకు బాగా పండుతుందట. కానీ ఉన్న ఒక్క పంచదార మిల్లూ తెల్లదొరలది. వాళ్ళు కొనకపోతే రైతు చెరకు పొలంలోనే ఎండిపోవాలి. రైతు తన చెరకు తానే వండుకునే దారి ఏదైనా ఉందేమో చూసి రమ్మని ఈయన్ని పంపారు. మన పద్ధతి నచ్చితే పన్నెండుమంది కుర్రాళ్ళు వచ్చి మన దగ్గర బెల్లం వండటం నేర్చుకుంటారు. నచ్చకపోతే, మెషీన్లు ఇస్తామంటూ ఏదో పెద్ద దేశం సిద్ధంగా కూర్చుంది.

"చూడు మూర్తీ," అన్నారు మా సూపరింటెండెంటు గారు, "మనం వాళ్ళకి ఓడలివ్వలేం, తుపాకులివ్వలేం. మన తిండిగింజలే పైదేశాల నుంచి ఓడల మీద దిగుతున్నాయి. మన దగ్గరున్నదల్లా బెల్లం వండే చెయ్యి. ఆ చేతిని చూసి ఒక దేశం మనతో స్నేహం కట్టిందంటే అంతకంటే ఏం కావాలి? నీకు ఇంగ్లీషు వచ్చు కాబట్టి దుబాసీవి నువ్వే. పాడు చెయ్యకు."

నిజం చెప్తున్నాను, భారతదేశం మొత్తం నా చంకలో పేపరు పక్కనే ఉన్నట్టనిపించింది.

కె. కోటపాడు దగ్గర ఒక పల్లెలో అప్పలనాయుడనే రైతు ఉండేవాడు. ఆ చుట్టుపక్కల అతని బెల్లం రంగే వేరు. అతను చెరకు రసం కాచే పెనం దగ్గరే అంతా చూపించాలని నిర్ణయమైంది. రెండు రోజుల ముందు కబురు చెప్పడానికి వెళ్తే ఊరంతా చుట్టూ మూగింది.

"బాబూ, పన్నెండు మందినీ నా కాడికే పంపుతారంటగదా," అన్నాడు అప్పలనాయుడు. "మా అయ్య నాకు సూపిన పని సముద్రం దాటి పోతాదంటే నాకు నిద్దర పట్టట్లేదు. ఆల పద్దతులేటో ముందే సెప్పండి. మావు తెలీక ఏదైనా సేసేత్తే ఆయన మనసు ఇరిగిపోతాది."

తెలియదని చెప్పడానికి ఎంతసేపు? కానీ ముప్పైమంది నా నోటికేసి చూస్తున్నారు. ఆ దేశం గురించి నేను చూసిందల్లా పేపర్లో వచ్చిన ఒకే ఒక్క ఫోటో. స్వతంత్రం వచ్చిన రోజున వాళ్ళ నాయకులు పదిమంది వరసగా నిలబడ్డారు. ఆ పదిమందిలో ఒక్కడి పన్ను కూడా కనిపించలేదు.

"వాళ్ళు అతిథి ఎదుట నవ్వరు," అన్నాను గంభీరంగా. "పళ్ళు కనిపించాయంటే వెక్కిరించినట్టే లెక్క."

"ఓలమ్మ," అంది వెనకనుంచి ఒకావిడ. "మరి మా గౌరికి ఊరికినే నవ్వొత్తాది బాబూ."

"ఆ పూటకి ఇంట్లోంచి రానివ్వకండి," అని ఆజ్ఞ వేశాను.

ఆ రోజు రానే వచ్చింది. జీపు ఆగింది. ఆ వ్యవసాయాధికారి జోసెఫ్ గారు దిగారు. ఆరడుగుల మనిషి, మొహమంతా నవ్వు. నా పళ్ళ సిద్ధాంతం తప్పని దారిలోనే తెలిసింది కానీ, ఊరికి కబురు పంపే వ్యవధి లేకపోయింది. దిగుతూనే రెండు చేతులూ జోడించి, దారిలో నా దగ్గర నేర్చుకున్న "నమస్కారం" అందరికీ వినిపించేలా అన్నారు.

ఊరు ఊరంతా కొయ్యబారి నిలబడింది. అప్పలనాయుడు దండ పట్టుకుని వచ్చిన తీరు చూస్తే జప్తుకొచ్చిన కోర్టు అమీనాకి వేస్తున్నాడేమో అనుకోవాలి. ఆడవాళ్ళు పెదాలు బిగించారు. ఒక ముసలాయనైతే నవ్వు ఆపుకోలేక గోడవైపు తిరిగాడు, భుజాలు మాత్రం కదులుతున్నాయి. వెనకనుంచి చూస్తే అచ్చం ఏడుస్తున్నట్టే ఉంది. జోసెఫ్ గారి మొహంలో నవ్వు మెల్లగా ఆరిపోయింది.

"మూర్తీ," అన్నారు నా చెవిలో, "ఈ ఊళ్ళో ఎవరైనా చనిపోయారా?"

అప్పుడైనా నిజం చెప్పి ఉంటే ఇది రాయాల్సిన పనే ఉండేది కాదు. "మీ దేశంలో నవ్వరని నేనే చెప్పానండీ" అనడానికి నోరు రాలేదు.

"అవునండి," అన్నాను.

"ఎవరు?"

చంపడానికి ఎవరో ఒకరు కావాలి కదా. అప్పలనాయుడి పెదనాన్న సన్యాసినాయుడు మూడు రోజుల క్రితమే దేవరాపల్లిలో కూతురింటికి వెళ్ళాడని విన్నాను. ఊళ్ళో లేడు, ఎదురుపడే ప్రమాదం లేదు. ఆయన పేరు చెప్పేశాను.

జోసెఫ్ గారు వెంటనే టోపీ తీశారు. "అయితే ముందు ఆ ఇంటికి పదండి. మా దగ్గర చావింటిని దాటుకుని పనిలోకి పోరు."

"పెనం మీద పాకం ముదిరిపోతుందండి."

"ముదరనీ," అన్నారు.

ఆయన మీ ఇల్లు చూస్తానంటున్నారని అప్పలనాయుడికి చెప్పాను. అతను పెనం దగ్గర తమ్ముణ్ణి నిలబెట్టి, సంబరంగా, అంటే మొహం మాడ్చుకుని, ఇంటికి తీసుకెళ్ళాడు. నులక మంచం వాల్చారు. జోసెఫ్ గారు కూర్చోలేదు. కళ్ళు మూసుకుని మాట్లాడారు.

"సన్యాసినాయుడు గారిని నేను చూడలేదు. కానీ అంత దుఃఖంలో ఉండి కూడా మీరు నా మెడలో దండ వేశారు. ఇలాంటి మనుషుల్ని నేనెక్కడా చూడలేదు." ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

అందరూ తర్జుమా కోసం నావైపు తిరిగారు.

"ఇల్లు బాగుందంటున్నారు," అన్నాను.

"ఇల్లు బాగుంటే ఏడుత్తన్నాడేటి బాబూ?"

"వాళ్ళకి పెంకుటిల్లంటే ప్రాణం."

"మా పెదనాన్న పేరు ఇనబడిందేటి మరి?"

"ఇంట్లో పెద్దవాళ్ళ పేర్లు తలుచుకోవడం వాళ్ళ మర్యాద," అన్నాను. అబద్ధాలు ఒకదాని వెనక ఒకటి అవే వస్తున్నాయి.

అంతలో జోసెఫ్ గారు పాట అందుకున్నారు. వాళ్ళ పల్లెలో పోయినవాళ్ళ కోసం పాడుకునే పాటట. ఒక్క ముక్క ఎవరికీ అర్థం కాలేదు. కానీ ఆ గొంతు విని వసారాలో గుసగుసలన్నీ ఆగిపోయాయి. ఆడవాళ్ళు ఎందుకో తెలియకుండానే కొంగుతో కళ్ళొత్తుకున్నారు. తను ఎన్నడూ చూడని ముసలాయన కోసం సముద్రాలు దాటొచ్చిన మనిషి అలా పాడుతుంటే, నా అబద్ధం సంగతి కూడా మరిచిపోయి నోరు తెరుచుకుని నిలబడ్డాను. అంత గొప్ప మనిషిని నేను అంతవరకూ చూడలేదు.

పాట అయ్యింది. ఆయన చేతులు జోడించి, తలొంచి, కూడబలుక్కుని అన్నారు, "సన్యాసినాయుడు గారూ..."

"ఏటి బాబూ?" అని గుమ్మంలోంచి జవాబొచ్చింది.

గొడుగు, చేతిసంచీతో సన్యాసినాయుడు నిలబడి ఉన్నాడు. "నన్నే పిలిసేరా? దొరబాబు వత్తన్నారని తెలిసి, మా యమ్మి సద్దన్నం తినమన్నా తినకుండా తొలి బస్సెక్కీసేను."

జోసెఫ్ గారు ఆయన్ని చూపించి ఎవరన్నట్టు సైగ చేశారు. అప్పలనాయుడికి ఇంగ్లీషు అక్కర్లేకపోయింది. "మా పెదనాన్న, సన్నాసినాయుడు," అన్నాడు గర్వంగా.

జోసెఫ్ గారు నావైపు తిరిగారు. ఇక దాక్కోవడానికి ఏ భాషా మిగల్లేదు. ముందు ఇంగ్లీషులో, తర్వాత తెలుగులో, మొత్తం ఒప్పుకున్నాను.

"నన్నెందుకు సంపేవురా అబ్బీ?" అన్నాడు సన్యాసినాయుడు మెల్లగా. "నీకు నేనేటి సేసేను?"

అప్పలనాయుడి మొహం పాలిపోయింది. పన్నెండుమంది కుర్రాళ్ళూ అతని కళ్ళముందే వెనక్కి వెళ్ళిపోతున్నారు. నేను నేలచూపులు చూస్తూ నిలబడ్డాను.

అప్పుడు జోసెఫ్ గారి పొట్ట కదిలింది. తర్వాత భుజాలు కదిలాయి. తర్వాత ఆయన మంచం మీద కూలబడి, ఇంటి పెంకులు అదిరేలా నవ్వడం మొదలుపెట్టారు. ముప్పైరెండు పళ్ళూ లెక్కపెట్టుకోవచ్చు.

"బాబూ," అంది ఒకావిడ నోటికి కొంగు అడ్డం పెట్టుకుని, "మావూ నవ్వొచ్చా?"

"నవ్వండమ్మా," అన్నాను ఏడవలేక.

పొద్దుటి నుంచీ బిగబట్టిన నవ్వంతా ఒక్కసారి తెగింది. జోసెఫ్ గారు సన్యాసినాయుణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని ఆయన చెయ్యి వదల్లేదు. ఆ తర్వాత ఇద్దరూ కలిసే పెనం దగ్గరికి నడిచారు. మొదటి పెనం నిజంగానే మాడింది. అప్పలనాయుడు మళ్ళీ కొత్త రసం పోశాడు. పాకం చుక్క నీళ్ళలో వేసి వేళ్ళతో ఉండ చేసి చూపిస్తుంటే, జోసెఫ్ గారు గంటలకొద్దీ ఆ వేళ్ళనే చూశారు. తన చేతిలో అంత విద్య ఉందని అప్పలనాయుడికి కూడా ఆ రోజే తెలిసినట్టుంది. సాయంత్రానికి ఊళ్ళో ఆడపిల్లలు ఆయన పాట కూనిరాగం తీస్తున్నారు. ఆయన దేశాన్ని మనవైపు తిప్పుకోవాలని మేం కూర్చుంటే, ఆయన ఒక పాటతో, ఒక నవ్వుతో ఆ ఊరిని ఎత్తుకుపోయారు. ఆ ఆశ్చర్యం నాకు ఈనాటికీ తీరలేదు.

చీకటి పడకముందే సూపరింటెండెంటు గారు వచ్చి కుర్చీలో కూర్చున్నారు. జోసెఫ్ గారు లేచి నిర్ణయం చెప్పారు. నేను తర్జుమా చేశాను.

"మా పన్నెండుమందినీ అప్పలనాయుడు గారి దగ్గరికే పంపుతాను."

అప్పలనాయుడు తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. ఈసారి నిజంగానే ఏడుపు.

"ఒకే ఒక్క షరతు," అన్నారు జోసెఫ్ గారు. తర్వాతి వాక్యం విని నేను నోరు మూసుకున్నాను. సూపరింటెండెంటు గారు కళ్ళజోడు తీసి నావైపే చూస్తున్నారు. ఆయనకీ ఇంగ్లీషు వచ్చు.

"షరతేటి బాబూ?" అన్నాడు సన్యాసినాయుడు.

"ఈ దుబాసీని మార్చాలట," అన్నాను.

నా జన్మలో అక్షరం పొల్లుపోకుండా చేసిన తర్జుమా అదొక్కటే. దానికి ఊరంతా చప్పట్లు కొట్టింది. అందరికంటే గట్టిగా కొట్టినవాడు స్వర్గీయ సన్యాసినాయుడు.

కాబట్టి మీ అందరి ఎదుటా ప్రమాణం చేస్తున్నాను. తెలియని దేశం మర్యాదలు ఇక ఎవరికీ నేర్పను. తప్పనిసరై ఎవరినైనా చంపవలసి వచ్చినా, తొలి బస్సు ఎన్నింటికో కనుక్కోకుండా ఆ పనికి పూనుకోను.