ఖాళీ గదిలో పిలుపు

2023 ఎండాకాలం. బళ్ళారిలో మా సందు నిండా జీన్స్ ప్యాంట్ల మూటలే. కుట్టిన ప్యాంట్లకు వేలాడే దారాలు కత్తిరించడం మా పని. దాన్ని ట్రిమ్మింగ్ అంటారు. మా ఆయన పోయాక ఇంట్లో వినబడేది నా కత్తెర చప్పుడే. ఇక మూటలు ఇళ్ళకు రావని, ఊరి బయట షెడ్లలోనే పని అని అప్పుడే చెప్పారు.

ఇళ్ళల్లో ఈ పని పోకముందే కెమెరాలో పట్టుకోవాలని కల్పన వచ్చింది. మా ఊరి పిల్లే, సినిమా చదువు చదివింది.

"అత్తా, నేను ఈడ లేననుకో. నా తట్టు చూడొద్దు, మాట్లాడొద్దు" అంది.

ఎన్నాళ్ళకో ఇంట్లోకి మనిషి వస్తే, లేదనుకోవాలట!

పక్కింటి మాబున్ని గడపలో నిలబడి నవ్వింది. "హీరోయిన్ అయితివంట కదక్కా! డైలాగులు లేవా?"

"మూగ వేషం ఇచ్చినార్లే."

కల్పన రోజూ మూలన కూర్చునేది. చూడకపోయినా, ఒక మనిషి ఊపిరి తెలుస్తుంది కదా. ఇంకో రాగి ముద్ద ఎక్కువ చేసి పెట్టేదాన్ని. కల్పన దాన్ని తాకేది కాదు. బయట బొరుగులు తిని వచ్చేది.

అదేమంటే, "సినిమాలో నువ్వొక్కదానివే ఉండల్ల అత్తా" అనేది.

చివరి మూట ఆటోలో వెళ్ళిపోయిన రోజు, "రూమ్ టోన్ ఒకటే మిగిలింది" అంది. ఎవరూ మాట్లాడనప్పుడు గదికి ఉండే చప్పుడట అది. కెమెరాను ఖాళీ గది వైపు తిప్పి, నన్ను తన పక్కనే కూర్చోబెట్టుకుంది. ఫ్యాను ఆపింది.

ఎక్కడో రైలు కూసింది. తర్వాత ఏమీ లేదు. ఆ ఖాళీ గది చప్పుడు నాకు కొత్తదా? రేపటి నుంచి నాకు మిగిలేది అదే. ఉండబట్టలేకపోయాను.

"ముద్ద చల్లారిపోతాండాది, రా పాపా."

కల్పన తల పట్టుకుంది. "అత్తా! మళ్ళీ మొదట్నుంచి తియ్యల్ల."

"తిని తియ్యి."

కల్పన కెమెరా ఆపి, వచ్చి కూర్చుంది. "పప్పులో ఉప్పే లేదు కదత్తా" అంటూనే రెండోసారి పెట్టించుకుంది.

తర్వాత ఆ సినిమా తెచ్చి మా సందులో గోడకు గుడ్డ కట్టి చూపించింది. చివర్లో ఖాళీ గది. అందులో నా గొంతు: "రా పాపా." ఎవరూ రారు.

మాబున్ని నా చెయ్యి పట్టుకుని, "ఆడ ఎవురున్నారని పిలిస్తివక్కా?" అంది.

ఇప్పుడు షెడ్డులో పని చేస్తున్నాను. మాట్లాడొద్దంటారు అక్కడ కూడా. కొత్త మనిషి వచ్చి పక్కన కూర్చుంటే మాత్రం, తిన్నావా అని అడిగేస్తాను. సినిమాలో కనబడకపోతే ఏం, ఆ రోజు పిలిస్తే కల్పన వచ్చింది, తినింది.