యాకూబ్ చిచా ఉండనిచ్చిన మరక

మొన్న పొద్దున్నే షరీఫా చాచి ఫోన్ చేసింది. "బిడ్డా, మీ చిచా పోయిండు. నిద్రల్నే పోయిండు, తిప్పల వడలే" అంది.  ఊపిరి కోసం ఆయన నెలల తరబడి పడిన యాతన కళ్లారా చూసినదాన్ని. దుఃఖం వెంటే ఉపశమనం కూడా వచ్చింది. దాచుకోవడం ఎందుకు?

వరంగల్ సుబేదారిలో ఇండ్లకు రంగులేసి బతికిన యాకూబ్ గారు యాభై దాటాక సినిమా కళాదర్శకులయ్యారు. ఏ గోడ ఎట్లా పాతబడుతుందో ఆయనకు తెలిసినట్టు మరొకరికి తెలియదని విని, ఒక దర్శకుడు వెతుక్కుంటూ వచ్చాడు. "వర్ధమాన కళాదర్శకుడు" అని ఒక పత్రిక రాస్తే, ఆ ముక్క నాతో రెండుసార్లు చదివించుకున్నారు. "మోకాళ్లు నొస్తుంటె వర్ధమానమేందే? జిందగంత గోడలు కొత్తగ జేస్తె ఎవ్వలడగలే, పాతగ జేస్తె పేపర్ల ఏసిండ్రు" అన్నారు.

ఆయన దగ్గర సహాయకురాలిగా నేను నేర్చుకున్న సూత్రం ఒక్కటే. గోడకు మరక వేయబోతే, "ఎవలు ఆనుకున్నరో చెప్పు, అటెన్క బ్రష్ ముట్టు" అనేవారు. చెప్పలేకపోతే రంగుడబ్బాకు మూత పెట్టేసేవారు. ఆ విషయంలో మహా మొండి.

ఆ దర్శకుడి సినిమాలో చివరి సెట్టు ఒక నేతకారుని ఇల్లు. అది సగంలో ఉండగా ఆయన దవాఖాన పాలయ్యారు. మిగతా పని నా నెత్తిన పడింది. మగ్గం వెనుక గోడకు, తల ఆనిన చోట నూనె మరక వేసి మురిసిపోయాను. చిత్రీకరణ ముగిశాక గాని తెలియలేదు, దాన్ని నిలబడిన మనిషి ఎత్తున వేశానని. గుంటమగ్గం నేసేవాడు గుంటలో కాళ్లు పెట్టి నేల మీద కూర్చుంటాడు. కాశిబుగ్గలో ఆ చప్పుడు వింటూ పెరిగిన నేతకారుని బిడ్డను నేను. సిగ్గుతో చచ్చిపోయాను. ఆయన ఒక్కగానొక్క సినిమాను చెడగొట్టానని భయం. ఆ సంగతి చెప్పకముందే ఆయన కన్నుమూస్తారేమోనని అంతకన్నా పెద్ద భయం.

పోయిన వారం, ఇంకా విడుదల కాని ఆ సినిమాను ఫోన్‌లో పెట్టి ఆయన మంచం పక్కన కూర్చున్నాను. ఆ గోడ రాగానే వేలితో ఆపారు.

"ఇదెవలది?"

"తప్పయింది చిచా. నాయనదనుకొని ఏసిన."

"మీ నాయన నిలవడి నేసిండా?" అని ఫోన్‌ను కళ్ల దగ్గరికి తెచ్చుకుని ఆ బొమ్మను చూశారు.  "మరి మీ అమ్మ అన్నం దెచ్చి ఏడ నిలవడేది?"

 అమ్మ అక్కడే నిలబడేది. నాన్న గుంటలోంచి లేచేదాకా గోడకు తల ఆనించి చూసేది.

"గది మీ అమ్మది. ఉండనియ్. నేనైతె ఆమెను మర్చిపోతుంటి."

ఆయన చెయ్యి పట్టుకుని ఏడ్చేశాను. గుండెల మీది బండ దిగిపోయింది.

నిన్న ఖననం అయ్యాక దర్శకుడు నా దగ్గరికి వచ్చాడు. ఆ మరక ఎత్తు తప్పిందట కదా, కంప్యూటర్‌లో చెరిపేద్దామన్నాడు. వద్దన్నాను. తప్పులో కూడా మనిషిని వెతికి పట్టుకునే అట్లాంటి కన్ను వరంగల్‌లో నాకు మళ్లీ దొరకదు. ఆ కంటికి చేతులెత్తి మొక్కుతున్నాను. సినిమా వచ్చాక ఆ గోడను చూడండి. అక్కడ మా అమ్మ నిలబడి ఉంది.