రైలు కుదుపూ, ఒలికిన కుంకుమా

రైలు కదిలేటప్పుడు వెనక్కి తూలిన మీరు, అది పరుగందుకున్నాక ఎందుకు తూలడం లేదో ఎన్నడైనా అడిగారా? అడగకుండానే శకునాలు చెబుతున్నారా?

శకునాల మీద మాట్లాడమని బాపట్ల మిత్రులు నన్ను పిలిచారు. ఉదయం ఆరున్నరకు రేపల్లెలో తెనాలి పాసింజరు ఎక్కాను. మూడో తరగతి పెట్టె, చెక్క బల్లలు, కిటికీలోంచి బొగ్గు నుసి. నా పక్కన శారద అనే అమ్మాయి కూర్చుంది. బి.ఎస్సీ. ప్యాసై, బాపట్లలో ఆడపిల్లల బడిలో సైన్సు టీచరు ఉద్యోగానికి ఆ మధ్యాహ్నమే ఇంటర్వ్యూకు వెళుతోంది. ఎదుటి బల్ల మీద, ఇంజనుకు వీపు పెట్టి, ఆమె మేనమామ సుబ్బారావుగారు. ఆయన ఒళ్ళో గుడి నుంచి తెచ్చిన కుంకుమ భరిణె. ఆయన పక్కన పోలమ్మ, అడవులదీవి నుంచి ఎండుచేపల గంపతో వచ్చిన మనిషి.

కూత వేసి ఇంజను ఒక్క గుంజు గుంజింది. భరిణె ఎగిరి శారద కాళ్ళ దగ్గర పడింది. కుంకుమంతా నేలపాలు. సుబ్బారావుగారి మొహం మాడిపోయింది.

"వచ్చే స్టేషను పల్లికోనలో దిగిపోదాం అమ్మాయ్. ఇంటికెళ్ళి కాళ్ళు కడుక్కుని, కాసేపు కూచుని, రేపు బయల్దేరదాం."

"రేపు ఇంటర్వ్యూ ఉండదు మావయ్యా."

"ఉండకపోతే ఇంకోటి వస్తుంది."

నేను ఊరుకోలేకపోయాను. "శకునం కాదండీ, రైలు వేగానికి పడింది."

"వేగానికా? ఇప్పుడు అంతకన్నా జోరుగా పోతోంది గదండీ. మరి ఏదీ పడదేం?"

ఆయన అడిగింది సరైన ప్రశ్న. బాపట్ల సభ కోసం మోసుకెళుతున్న నా వాదాలన్నీ దానికి చాలలేదు.

శారద అందుకుంది. "ఆయన చెప్పింది తప్పు మావయ్యా. వేగం పడెయ్యదు, వేగం మారితేనే పడేది. బండితోపాటు నువ్వు కదిలావు, భరిణె ఉన్నచోటే ఉండబోయింది. అందుకే నా వైపు పడింది. వేగం ఎంత తొందరగా మారుతుందో దాన్నే త్వరణం అంటారు."

"పుస్తకాల్లో అంటారులే."

ఆ అమ్మాయి మరచెంబు తీసి గ్లాసు నిండా నీళ్ళు పోసి ఆయన చేతిలోనే పెట్టింది. "చూడు. వణుకుతున్నాయి గానీ ఏ పక్కకీ ఒరగట్లేదు. పల్లికోన దగ్గర బ్రేకు పడగానే ఇంజను వైపు, అంటే నీ పంచె మీద ఒలుకుతాయి. నా వైపు ఒలికినా, అసలు ఒలక్కపోయినా, నీతో దిగిపోతా."

"ఉజ్జోగాన్ని గ్లాసులో పెట్టావా తల్లీ," అంది పోలమ్మ.

పొలాలు వెనక్కి పోతున్నాయి. నలుగురం గ్లాసు వంకే చూస్తున్నాం. చక్రాలు కీచుమన్నాయి. నీళ్ళు ఇంజను వైపు లేచి పెద్దాయన పంచె తడిపేశాయి.

"ఇది రెండో అపశకునం," అన్నాడాయన.

"ముందే చెప్పాగా. ప్రతి స్టేషన్లోనూ చెప్పి మరీ రప్పిస్తా. అట్లా వచ్చేది శకునమా మావయ్యా?"

"బండి ఆగినచోటల్లా నా గంప ఇంజను వైపే జరుగుద్ది బాబుగారూ," అంది పోలమ్మ. "అన్నిసార్లూ ఇంటికి పోతే చేపలు ఎవరికమ్మేది?"

ఆయన తలుపు వంక చూశాడు. శారద లేవలేదు. గార్డు విజిలు వినపడింది. ఆయన కూర్చునే పంచె పిండుకున్నాడు.

తెనాలిలో దిగి ఇడ్లీ తిని, కాఫీ తాగి, మెయిన్ లైను బండిలో పదిన్నరకు బాపట్ల చేరాం. వాళ్ళు బడి వైపు, నేను సభ వైపు. రాసుకున్న ఉపన్యాసం పక్కనపెట్టి, గ్లాసు కథే చెప్పాను.

సాయంత్రం తెనాలిలో రేపల్లె బండి దగ్గర మళ్ళీ కలిశారు. ఫలితం పోస్టులో వస్తుందట.

"ఏం అడిగారమ్మా?"

"పెళ్ళెప్పుడని అడిగారండి. త్వరణం గురించి అడగలేదు. అడక్కపోయినా చెప్పొచ్చాను."

ఇంజను కూత వేసింది. సుబ్బారావుగారు ఖాళీ భరిణెను రెండు చేతులా బిగించి పట్టుకుని, "కదులుతోంది, చూసుకోండి," అన్నారు. ఆ చేతులకు పాఠం అర్థమైంది. నా సభలో అన్ని చప్పట్లు కొట్టిన చేతులకు అర్థమైందో లేదో తెలియదు.

బయలుదేరిన ఆడపిల్లను ఏదో పడిందని వెనక్కి పిలిచే నోరు మీదైతే, ముందు గ్లాసు నిండా నీళ్ళు పట్టుకుని రైలెక్కండి. ఎటు ఒలుకుతాయో చూడండి. పంచె తడిస్తే పిండుకోండి. పిల్లను మాత్రం దించకండి.