కుట్టు లేని ఆకు

కంటి పరీక్షకని ఈ రోజు మా మేనత్తను నరసన్నపేట తీసుకెళ్లాను. తిరుగు బస్సుకి ఇంకా టైముంది, ఆకలేసి ఫాస్ట్‌ఫుడ్ బండి దగ్గర ఆగాం. బండతను ఫ్రైడ్ రైస్‌ను ఆకు బొమ్మ అచ్చేసిన పేపర్ ప్లేట్లలో పెట్టిచ్చాడు. పైన ప్లాస్టిక్ పూత నిగనిగలాడుతోంది.

మా అత్త పెళ్లిళ్లకి అడ్డాకుల విస్తళ్లు కుట్టి ముగ్గురు పిల్లల్ని పెంచిన మనిషి. ఈ ప్లేట్లు వచ్చాక ఆమెను అడిగేవాళ్లు లేకపోయారు. తినడం అయ్యాక ప్లేటు తిరగేసి, కుట్టు కోసం వేలితో తడిమింది.

“ఈ ఆకు ఎవులు కుట్టినారు బాబూ?”

“కుట్టడమేటి మామ్మా, మిషన్‌లో వస్తాది. తినీసి పారెయ్యడమే,” అంటూ అతను బండి వెనక కాలవ చూపించాడు.

కాలవ నిండా అవే ఆకులు. ఎన్నాళ్లనాటివో, ఒక్కటీ వాడిపోలేదు.

“నాను కుట్టినవి పెంట మీదేస్తే వానలకి మట్టైపోయేవి. మరి దీన్నెక్కడ ఎయ్యాలి?” అంది అత్త. అతను నవ్వి పెనం వైపు తిరిగాడు. ఆమె ప్లేటు కడిగి సంచిలో పెట్టుకుంది.

బస్సులో నాకు, చిన్నప్పుడు ఆమె మాకు టిఫిను పెట్టిన ఇంటి అరుగే గుర్తొచ్చింది. అడ్డాకు మీద వేడి ఉప్మా పడగానే లేచే ఆకు వాసన కోసం దారి పొడుగునా ప్రాణం లాగింది.

ఈ రాత్రికి అత్త మా ఇంట్లోనే ఉంది. ప్లేటు ఇప్పుడు మా వంటగట్టు మీద ఉంది. ఎక్కడ పారెయ్యాలని అత్త రెండుసార్లు అడిగింది. మీలో ఎవరికైనా తెలిస్తే చెప్పండి. నేను బడిలో సైన్సు చెబుతాను, నాకు తెలియలేదు.