ఈశ్వర్ బండి స్లో చేసే మలుపు

పోయిన మాఘమాసం, గురువారం, పగలు పదకొండుంపావు. గంజాం దగ్గర రుషికుల్య ఒడ్డు. దెయ్యాలూ గియ్యాలూ నేను ఏనాడూ నమ్మలేదు. నమ్మేవాళ్ళ మొహం మీదే నవ్వేవాణ్ణి.

నా కొడుకు ఈశ్వర్ బరంపురంలో టాక్సీ నడిపేవాడు. రంభ దారిలో హైవే పక్కన ఒక ఠాకురాణి అమ్మవారి గుడి ఉంది. మా డ్రైవర్లు ఎవరైనా అక్కడ బండి స్లో చేసి, దణ్ణంగా రెండుసార్లు హెడ్‌లైట్ల డిప్పర్ కొట్టి గానీ దాటరు. ఆఖరి రోజు వాడు ఆ గుడి దాకా చేరనే లేదు. ముందే లారీ గుద్దేసింది.

వాడి దగ్గర చేతిలో పట్టుకుని ఆడే కార్ల రేసు గేమ్ ఒకటి ఉండేది. గేర్లు, బ్రేకులు, లైట్లు, అంతా నిజం బండే. అందులో నీళ్ళ పక్కన ఒక మలుపు వస్తుంది, అచ్చం ఆ గుడి దగ్గరి మా చిలికా ఒడ్డే. రేసులో కూడా వీడు అక్కడ స్లో చేసి డిప్పర్ కొట్టేవాడు. వెనక బళ్ళన్నీ దాటిపోయేవి. సాటి డ్రైవరు టుకునా పగలబడి నవ్వేవాడు.

"ఒరే, గేమ్‌లో ఏ ఠాకురాణి కూకుందిరా నీకు?"

"తెలుసురా. సెయ్యి ఇనదు."

పదోరోజు ఆ రుషికుల్య ఒడ్డునే పిండం పెట్టాం. కాకులు చెట్టు మీదే ఉన్నాయి, దిగవు. నా కోడలు సరస్వతికి ఆరో నెల. కాకి ముట్టేదాకా మంచినీళ్ళు కూడా తాగనని కూర్చుంది. అరవై దాటాక నాకు అక్షరాలు దిద్దబెట్టింది ఆ పిల్లే. నా కళ్ళ ముందే ఆమె పెదాలు తెల్లబడిపోతున్నాయి.

దర్భతో కాకిని చేసి ముట్టించేస్తానన్నారు పంతులుగారు.

"గడ్డి కాకి తింటే ఆయన తిన్నట్టా, మావయ్యా?" అంది.

టుకునా ఆ గేమ్ తెచ్చి పిండం పక్కన పెట్టాడు. యాక్సిడెంట్లో అది బండిలోనే ఉంది. ఆనాటినుంచి ఎంత చార్జింగ్ పెట్టినా వెలగలేదు.

అది వెలిగింది. ఎవరి చెయ్యీ దాని మీద లేదు. బండి పరిగెడుతోంది.

"కొన్ని గేములు వాటంతటవే ఆడతాయి బాబాయ్, ఏటీ కాదు" అన్నాడు టుకునా.

నీళ్ళ పక్క మలుపు వచ్చింది. బండి స్లో అయింది. ఒకసారి డిప్పర్. రెండోసారి. వెనక బళ్ళు దాటిపోయాయి. తెర నల్లబడింది. కాకి దిగి పిండం ముట్టింది.

సరస్వతి ఆ పూట అన్నం తింది. ఏడుస్తూనే తింది.

తరవాత బజార్లో రిపేరు కుర్రాడు దాన్ని విప్పి చూశాడు. బ్యాటరీ చితికిపోయి ఉంది, దీంతో వెలగడమన్నది జరగదు అన్నాడు. జరిగింది. ఎలాగో నాకు తెలీదు, తెలిసినట్టు చెప్పను.

ఆ రోజు అక్కడ ఉన్నవాళ్ళం: నేను, అప్పలస్వామిని. నా కోడలు సరస్వతి, ఆమె కడుపులో బిడ్డ. టుకునా. సూర్యనారాయణ పంతులుగారు. ఈశ్వర్ ఉన్నాడని రాయను. లేడనీ రాయలేకపోతున్నాను.