ఆమెన్ ముందొచ్చిన ప్రార్థన

ఈ సంగతి రాసిపెట్టకపోతే మా చుట్టాలు "ముసలాయన పెండ్లిల ఉర్దూల ప్రార్థన జేసిండు" అని చెప్పుకుంటూ పోతారు. ఆయన చదివింది తెలుగు. అందులో లెబనాన్ ఫాదర్ ఒకాయనకూ వాటా ఉంది.

నా బడి పదో తరగతితో ఆగింది. మిగతా చదువంతా సూర్యాపేట గ్రంథాలయంలోనే, టైర్ల షాపు తెరిచేముందు. ఆ ఫాదర్ గురించి అక్కడి సారు ఇచ్చిన పుస్తకంలోనే చదివాను. ఆయన మారోనైట్ అనే పాత క్రైస్తవ శాఖవాడు. కొన్ని వందల ఏళ్ల కింద లెబనాన్ కొండల నుంచి రోముకు వెళ్లి ప్రార్థన పుస్తకాలు అచ్చు వేయించాడట. ఆయన జనం ఇంట్లో మాట్లాడేది అరబ్బీ, చదవగలిగేది చర్చి పుస్తకాల్లోని సిరియాక్ అనే పాత భాష అక్షరాలు. అందుకని అరబ్బీ మాటలనే సిరియాక్ అక్షరాల్లో కూర్చాడు. మనం ఫోన్లో తెలుగును ఇంగ్లీషు అక్షరాల్లో కొడతామే, అలా.

మా మామ, అంటే నా భార్య తండ్రి, మిర్యాలగూడలో ఉంటారు. చిన్నప్పుడు ఉర్దూ బడిలో చదివారు. ప్రార్థించేది తెలుగులోనే అయినా తెలుగు అక్షరాలు ఆయనకు పట్టుబడలేదు. మనవరాలి పెళ్లిలో, ప్రతి వరస చివరా ఆమెన్ వచ్చే దీవెన ప్రార్థన ఆయనే చదవాలి. చూడకుండా చెబితే మధ్యలో మరిచిపోతానని భయం. ఉర్దూలో చదువుదామంటే చర్చిలో వినేవాళ్లకు అర్థం కాదు.

"నాయినా, నువ్వు చెయ్యెత్తి దీవించు చాలు. నేను చదువుత," అన్నాడు నా బామ్మర్ది.

"నా నోరేమన్న కిరాయికిచ్చిన్నారా?"

నాకు ఫాదర్ గుర్తొచ్చాడు. కోదాడలో ఒక ప్రెస్సులో ఉర్దూ పెళ్లిపత్రికలు కూడా వేస్తారు. నేను తెలుగులో చెబుతుంటే ఓనరు ఉర్దూ అక్షరాల్లో ఒక్కో మాటా కొట్టాడు. వాటిని పేజీలో పెద్దగా అమర్చింది కొత్తగా చేరిన, ఉర్దూ రాని అమ్మాయి. ప్రింటు తీసుకుని నేరుగా మిర్యాలగూడ బస్సెక్కాను.

మామ కళ్లద్దాలు సర్దుకుని మొదటి వరస చదివారు. "ఆమెన్ చూడు చల్లగా ఇంటిని వీళ్ల తండ్రీ."

కాగితం దించారు. "ఏందల్లుడూ, మొదట్లనే ఆమెనంటే జనం బువ్వకు లేస్తరు గదా."

ప్రెస్సుకు ఫోన్ చేశాను.

"మీరు చెప్పిన వరసలోనే పెట్టానండి. మొదటి మాట మొదట్లోనే, ఎడమవైపే ఉంది," అంది ఆ అమ్మాయి.

"ఉర్దూకు మొదలు కుడిదిక్కు ఉంటదమ్మా."

"ముందే చెప్పొచ్చు కదండీ."

సిరియాక్ కూడా కుడి నుంచే నడుస్తుంది. రోములో ఆ ఫాదర్ ఇలాంటి ఫోన్లు చేయలేక ఎంత తిరిగాడో.

పెళ్లిరోజున మామ మళ్లీ అచ్చేసిన కాగితం మీద కుడి నుంచి వేలు జరుపుతూ చదివారు. ఒకచోట తడబడి, వెనక్కి వెళ్లి మళ్లీ అందుకున్నారు. ప్రతి వరసలో ఆమెన్ చివరికే వచ్చింది. చర్చిలో అందరూ ఆమెన్ అన్నారు. మనవరాలు ఆ కాగితం అడిగి తీసుకుంది, ఉర్దూ అక్షరం ఒక్కటీ రాకపోయినా.

పేర్లు రాయొద్దని మామ మాట. కాబట్టి గ్రంథాలయం సారుకు, ప్రెస్సు ఓనరుకు, పేజీ మళ్లీ అమర్చిన అమ్మాయికి, నోరు కిరాయికివ్వని మామకు, ఆ లెబనాన్ ఫాదర్‌కు ఇలాగే దండాలు.