దొరకని సూదిమొన

విరిగిన సూదిలో రెండు ముక్కలు దొరికాయి. మూడోది, అసలైన మొన, దొరకలేదు.

లూర్దు మేరీ మిషను పెడలు కింద చూసింది. చాప దులిపింది. చీర కుచ్చిళ్ళు విదిలించుకుంది. గోడవారన నలభై కాన్వాసు సంచులు గుట్టగా పడి ఉన్నాయి. అందులో ఏదో ఒకదానికి పట్టీ కుడుతుండగా సూది విరిగింది. తర్వాత చూద్దాంలే అనుకొని కొత్త సూది వేసి తొక్కేసింది, సంచిని గుట్టలోకి విసిరేసింది. అది ఏ సంచో ఇప్పుడు ఆమెకే తెలియదు.

గుమ్మంలో ఆటో హారను మోగింది. కశింకోట నుంచి చిన్నబాబు వచ్చాడు. మర్నాడు అతని అన్న కూతురు హాసినికి ఓణీల ఫంక్షను. వచ్చిన ఆడవాళ్ళకి తాంబూలం పెట్టి ఇవ్వడానికి ఈ సంచులు.

"మేరమ్మా, అయిపోనాయా లేదా? మా వదిన ఫోను మీద ఫోను సేత్తంది!"

"అయిపోనాయి బాబూ," అంది మేరీ. మూటలు కట్టి ఇచ్చేసింది. నేల మీదే ఎక్కడో పడి ఉంటుందిలే అని తనకి తాను చెప్పుకుంది.

ఆ మాట ఇంకొకరు చెప్పి ఉంటే ఆమె ఊరుకునేది కాదు.

అనకాపల్లి స్టేషను వెనక సందులో మేరీ పద్దెనిమిదేళ్ళుగా సంచులు కుడుతోంది. మొదటిది భర్త ఎలియాజరు పాత జీన్సు ప్యాంటుతో కుట్టింది. తర్వాత కాన్వాసు, సోఫా గుడ్డ, టెంటు గుడ్డ, మిగతా దర్జీలు మాకొద్దన్న మందపు గుడ్డలన్నీ ఆమె గుమ్మంలోకే వచ్చాయి. పట్టీ అతికే చోట ఆరు పొరలు పడతాయి. ఆ మడత మీద రోకలితో నాలుగు దెబ్బలు వేసి అణచి, అప్పుడు సూది కిందకి తోస్తుంది. బెల్లం దిమ్మ వేసి మోసినా మేరీ కుట్టిన పట్టీ ఊడదని పేరు. కుట్టుపని నేర్పిన సిస్టరమ్మ ఆమెకొక నియమం పెట్టింది. సూది విరిగితే ముక్కలన్నీ కాగితం మీద పేర్చాలి. సూది నిండుగా కనబడేదాకా పెడలు మీద కాలు పెట్టకూడదు. మేరీ ఆ నియమాన్ని సాయంత్రం ప్రార్థనంత నిష్ఠగా పాటించింది. పాటించి ఊరుకోలేదు, దానితో ఇరుగుపొరుగుని కొలిచింది కూడా.

అదే సందులో కుమారి జాకెట్లు కుట్టేది. రెండేళ్ళ కిందట ఆమె కుట్టిన ఒక జాకెట్టులో సూదిమొన ఉండిపోయి, తొడుక్కున్నావిడ చంక గీరుకుపోయింది. కుళాయి దగ్గర పదిమంది బిందెలు పెట్టుకొని నిలబడి ఉండగా మేరీ అంది: "ఇరిగిన సూది ఎతుక్కోనోళ్ళు మిషను తొక్కకూడదమ్మా. అన్నం తింటన్న సెయ్యేనా అది?" ఆ మాట సందు దాటింది. కుమారి దగ్గరకి జాకెట్లు రావడం తగ్గింది. ఏడాది తిరక్కుండా మిషను అమ్మేసింది.

ఈసారి మేరీ రోకలి ముట్టలేదు, తొందర. ముక్కలు పేర్చలేదు, అదీ తొందరే.

తెల్లారాక, పాత స్పీకరులోంచి తీసిన అయస్కాంతంతో ఇల్లంతా పాకింది. మేకు ఒకటి, పిన్నులు రెండు దొరికాయి. మొన లేదు.

"ఫోను సేసి సెప్పీ," అన్నాడు ఎలియాజరు, ఆటో తుడుచుకుంటూ.

"ఏటని సెప్పను? సూది పెట్టి పంపేనని సెప్పనా?"

"పెట్టే పంపేవు కదేటి మరి."

అతను ఎగతాళిగా అనలేదు. అందుకే ఆమెకి మొగుడి ముఖం చూడబుద్ధి కాలేదు. అయస్కాంతం బ్యాగులో వేసుకొని, అతని ఆటో కాదని, రోడ్డు మీదకెళ్ళి కశింకోట షేరాటో ఎక్కింది.

పందిట్లో హాసిని తల్లి కనకమహాలక్ష్మి ఎదురొచ్చింది. "రా మేరమ్మా, రా! ఇదిగో వదినా, ఆ సంచులు కుట్టింది ఈవిడే. పనంటే పని!" నలుగురు ఆడవాళ్ళు తిరిగి చూసి నవ్వారు. ఒకావిడ, మనవరాలి పుస్తకాలకి తనకీ ఒకటి కుట్టి పెట్టమంది. మేరీ నవ్వలేక నవ్వింది. "ఒకట్రెండు పట్టీలకి దారం వదిలేసేనండీ, సూసి పోతాను," అని అబద్ధం ఆడి వెనక గదిలోకి వెళ్ళింది.

అక్కడ కుమారి ఉంది. మిషను అమ్మేశాక ఫంక్షన్లలో చేతిసాయానికి వెళుతోందని మేరీకి తెలుసు. ఇక్కడ ఉంటుందని తెలియదు. చాప మీద సంచులు వరసగా నిలబెట్టి, ఒక్కోదాంట్లో కొబ్బరికాయ, అరటిపళ్ళు, జాకెట్టు ముక్క సర్దుతోంది.

మేరీ పలకరించలేదు. ఒక సంచి ముందుకి లాక్కుని పట్టీ మొదలు వేళ్ళతో నొక్కింది. తర్వాత అయస్కాంతం తీసింది. కుమారి చేతులు ఆగిపోయాయి.

"ఎన్ని ముక్కలయ్యింది?"

"మూడు. మొన దొరకలేదు."

"తెలిసే పంపేవా?"

"తెలిసే."

ఇప్పుడంటుంది, అననీ, అనుకుంది మేరీ. కుమారి మాత్రం తాను సర్దిన సంచుల్ని ఒక్కొక్కటే ఖాళీ చెయ్యడం మొదలుపెట్టింది. ఇద్దరూ కలిసి వెతికారు. ఇరవై ఏడో సంచి పట్టీ మడత దగ్గర అయస్కాంతం టక్కున అతుక్కుంది. కుమారి గాజులకున్న పిన్నీసు తీసి రెండు కుట్లు విప్పి, మొనని బయటికి లాగి మేరీ అరచేతిలో పెట్టింది. బియ్యపు గింజలో సగం కూడా లేదు.

అప్పుడే కనకమహాలక్ష్మి గుమ్మంలోంచి తొంగి చూసింది. వెనక ఇందాకటి ఆడవాళ్ళు. "ఏటే కుమారీ, సర్దినవన్నీ తీసేసేరేటి? టైమయిపోతంది!"

"దారాలు కత్తిరిత్తన్నాం పిన్నీ. అయిపోయింది," అంది కుమారి.

మేరీ గుప్పిలి మూసింది. హమ్మయ్య అనిపించింది. అలా అనిపించినందుకు ఆమె చెవులు వేడెక్కాయి. కుమారి వైపు వంగి గుసగుసగా అంది: "కుళాయి కాడ ఆ రోజు నేనన్న మాట తప్పే. మనసులో పెట్టుకోకు."

కుమారి తలెత్తకుండా కొబ్బరికాయని మళ్ళీ సంచిలో పెట్టింది. "కుళాయి కాడ పదిమందిలో అన్నావక్కా. ఇప్పుడు సెవిలో సెప్తన్నావేటి?"

కనకమహాలక్ష్మి వెనుదిరిగింది. మేరీ లేచి నిలబడింది.

"కనకమ్మగారూ, దారాలు కాదండి." గుప్పిలి విప్పి చాపింది. "మీ సంచిలో ఇది ఉండిపోయింది. తెలిసే పంపేను. ఇలాంటిదానికే ఈ కుమారిని నేను కుళాయి కాడ అందరిలో తిట్టేను. ఆవిడకి తెలీక జరిగింది. నేను తెలిసి సేసేను."

మనవరాలికి సంచి కావాలన్నావిడ, చేత్తో పట్టుకుని చూస్తున్న దాన్ని మెల్లగా కింద పెట్టింది. కనకమహాలక్ష్మి ఆ చిన్న ముక్కని వేలి కొసతో ఎత్తి వెలుతురులో చూసింది.

"మిగతావన్నీ ఇంకోసారి సూడు," అంది. మేరీతో కాదు, కుమారితో.

మేరీ అయస్కాంతం కుమారికి ఇచ్చేసి, గోడవారకి జరిగి, ఖాళీ చేతులు ఒళ్ళో పెట్టుకొని కూర్చుంది.